పద్నాలుగో గది తర్వాత

మొన్నటి వేసవి మొదలయ్యేనాటికి నేను కెనడాలో, విన్నిపెగ్‌లో నది ఒడ్డున ఉన్న పన్నెండంతస్తుల హోటల్లో రోజుకు పద్నాలుగు గదులు సర్దేదాన్ని. చీరాలలో ప్రైవేటు స్కూల్లో తొమ్మిదేళ్లు సోషల్ చెప్పినదాన్ని. వచ్చిన కొత్తలో ఆ సంగతి కనబడ్డ వాళ్లందరికీ చెప్పేదాన్ని. తర్వాత మానేశాను. మా హౌస్‌కీపింగ్‌లో నర్సు ఉంది, బ్యాంకులో పనిచేసినావిడ ఉంది, ఒకప్పుడు ఎరిత్రియాలో రేడియోలో వార్తలు చదివిన సెలామ్ ఉంది. ఎవరి వెనక ఏముందో ఆ బేస్‌మెంట్‌లో ఎవరూ అడగరు. పొద్దున ఏడున్నరకు యూనిఫాం వేసుకోవడం, గోడ మీద కాగితంలో తన గదులేవో చూసుకోవడం, కార్టు తోసుకుంటూ స్టాఫ్ లిఫ్ట్ ఎక్కడం, అంతే.

మా ఆయన జయదేవ్ అదే హోటల్లో ఫ్రంట్ డెస్క్ సూపర్‌వైజర్. కోటు, టై, ఛాతీ మీద పేరు. ఆయన ముందు తలుపులోంచి, నేను వెనక తలుపులోంచి లోపలికి వెళ్లేవాళ్లం. ఇక్కడే రెండేళ్లు హోటల్ మేనేజ్‌మెంట్ చదివి, వర్క్ పర్మిట్ మీద ఆ ఉద్యోగంలో చేరారు. హోటల్ వాళ్లు ఎంప్లాయ్‌మెంట్ లెటర్ ఇస్తే ఇక్కడి రాష్ట్రప్రభుత్వం ఇచ్చే నామినేషన్‌కు అప్లై చేయొచ్చు. నామినేషన్ వస్తే పీఆర్, అంటే ఇక్కడ శాశ్వతంగా ఉండే హక్కు, వస్తుంది. మా ఇంట్లో ఏ మాట మొదలైనా ఆ లెటర్ దగ్గరికి వచ్చి ఆగేది. పన్నెండేళ్ల మా వర్షిణికి అది ఎంత అలవాటైందంటే, స్నేహితురాలి వాళ్లతో క్యాంపింగ్‌కి వెళ్తానని అడగబోయి, మా మొహాలు చూసి, "ఆఫ్టర్ ద లెటర్, ఐ నో" అని తనే తిరిగి వెళ్లిపోయేది.

నా పై అంతస్తు ఎన్‌కార్నాది. యాభై ఎనిమిదేళ్ల మనిషి, పొట్టిగా, రెండు మోకాళ్లకూ పట్టీలు, గోరింటాకు రంగు జుట్టు. ఆవిడది స్పెయిన్, సముద్రం పక్కన మలాగా. అక్కడ ఇరవై రెండేళ్లు హోటల్ గదులే సర్దింది. ఇంగ్లిష్ నాకంటే తక్కువ వచ్చు, కానీ ఆ తక్కువను ఎవరి ముందూ దాచుకునేది కాదు. నేను చేరిన మొదటి వారంలో నేను వేసిన పక్క చూసి, దుప్పటి మొత్తం ఒక్కసారిగా పీకేసింది. నాకు కళ్లనీళ్లు తిరిగాయి. ఆవిడ పట్టించుకోకుండా మంచం పక్కన మోకాలు వంచి చూపించింది. నడుము వంచి చేస్తే అయిదేళ్లలో పనికిరాకుండా పోతావని, నీ నడుము నీకింకా కావాలని చెప్పింది. ఆ రోజు కోపం వచ్చింది గానీ, ఆ నెలాఖరుకు నడుము నొప్పి తగ్గింది.

జూన్‌లో హోటల్ చేతులు మారింది. కొత్త జనరల్ మేనేజర్ క్రెయిగ్ మమ్మల్ని ఇరవై రెండు మందినీ బేస్‌మెంట్ కెఫెటేరియాలో కూర్చోబెట్టాడు. రెండు పెట్టెల డోనట్లు తెప్పించాడు. నలభై ఏళ్లుంటాయి, మర్యాదస్తుడు, అందరి పేర్లూ కాగితం చూడకుండా పలికాడు. మేమంతా ఒక కుటుంబం అన్నాడు. తర్వాత, పద్నాలుగు గదులనేది పాత లెక్క అనీ, మిగతా ఊళ్లలో అంతకంటే ఎక్కువే చేస్తున్నారనీ, జూలై ఒకటి నుంచి మనిషికి పద్దెనిమిది అనీ చెప్పాడు. ఎవరికైనా సందేహాలున్నాయా అన్నాడు. ఎన్‌కార్నా చేతిలో డోనట్ కింద పెట్టి, "ఏజెన్సీ ఎప్పుడొస్తుంది?" అని అడిగింది.

క్రెయిగ్ ఒక్క క్షణం తడబడ్డాడు. అలాంటి ఆలోచన ఇప్పటికైతే లేదన్నాడు. ఆవిడ తలూపి మళ్లీ డోనట్ తీసుకుంది. బయటికి వస్తూ నాతో అంది: ముందు తీపి పెడతారు, తర్వాత గదులు పెంచుతారు, మూడోది ఏజెన్సీ. నాకది ముసలావిడ చాదస్తం అనిపించింది.

జూలైలో గదికి అరగంట ఉండేది ఇరవై అయిదు నిమిషాలకు దిగింది. అయిదు నిమిషాలే కదా అనిపిస్తుంది. ఆ అయిదు నిమిషాల్లోనే నేను నీళ్లు తాగేదాన్ని, బాత్రూంకి వెళ్లేదాన్ని, నడుము మీద చెయ్యేసుకుని కిటికీలోంచి నదిని చూసేదాన్ని. ఇప్పుడు నీళ్లు తాగడం తగ్గించుకున్నాను, తాగితే వెళ్లాల్సి వస్తుందని. మధ్యాహ్నం తిండి కార్టు తోస్తూనే తినేదాన్ని. సాయంత్రం ఇంటికొచ్చాక వర్షిణికి జడ వేయబోతే చెయ్యి పైకి లేచేది కాదు. ఒకరోజు అది వెళ్లి జుట్టు భుజాల దాకా కత్తిరించుకుని వచ్చింది. "ఇట్స్ ఈజియర్, అమ్మా" అంది. బాగుందే అన్నాను. బాత్రూంలోకి వెళ్లి కుళాయి తిప్పి ఏడ్చాను.

ఆ నెల మధ్యలో సెలామ్ పడింది. ఆ రోజుకు పదిహేడో గదిలో తొందరగా టబ్బు కడుగుతూ జారి, మణికట్టు మీద బరువంతా వేసి పడింది. ఆమెను టాక్సీలో ఆస్పత్రికి పంపారు. మర్నాడు సంతకం పెట్టమని ఒక కాగితం ఇచ్చారు. అందులో ఆమె అజాగ్రత్త వల్ల జరిగిందని రాసి ఉంది. సెలామ్ దాన్ని బ్యాగులో పెట్టుకుని నా దగ్గరికి వచ్చింది, నాకు ఇంగ్లిష్ బాగా వచ్చని. నేను ఆ కాగితం వెనక్కి పంపించేసి, ఒక తెల్లకాగితం తీసుకుని, ఆ రోజు ఆమెకు ఎన్ని గదులు ఇచ్చారో, ఏ గదిలో ఎన్ని గంటలకు పడిందో, పక్కన ఎవరున్నారో వరసగా రాశాను. పిల్లల జవాబు పత్రాలు దిద్దిన చేతిరాత నాది, గుండ్రంగా, ఎవరైనా చదవగలిగేలా ఉంటుంది. ఆ కాగితం సెలామ్ పనిలో దెబ్బతగిలినవాళ్లకు పరిహారమిచ్చే కంపెన్సేషన్ బోర్డుకు పంపింది. ఆ తర్వాత ఒక్కొక్కరూ ఏదో ఒక కాగితం పట్టుకుని నా దగ్గరికి రావడం మొదలుపెట్టారు.

ఎన్‌కార్నా కాగితాలు తీసుకురాలేదు. బ్రేక్‌లో నన్ను నది ఒడ్డు బెంచీ దగ్గరికి తీసుకెళ్లి తన కథ చెప్పింది. సగం ఇంగ్లిష్‌లో, సగం చేతులతో.

మలాగాలో ఆమె చేసిన హోటల్లో కూడా ముందు గదులు పెంచారు. తర్వాత ఒక సోమవారం పొద్దున, మీరిక హోటల్ మనుషులు కారు, ఏజెన్సీ మనుషులన్నారు. అదే వరండా, అదే కార్టు, జీతం మాత్రం మూడో వంతు పోయింది. టూరిస్టులు ఏటా పెరుగుతూనే ఉన్నారు, కొత్త హోటళ్లు లేస్తూనే ఉన్నాయి, వాటిని తుడిచేవాళ్లు మాత్రం ఆ ఊళ్లో అద్దెకుండలేక దూరం దూరం జరిగిపోయారు. కూతురు లుసియా ఆర్కిటెక్చర్ చదివి, పై చదువూ చదివి, బీచిలో ఐస్‌క్రీం అమ్మింది. చివరికి కెనడా వచ్చి ఇక్కడ స్థిరపడి తల్లిని స్పాన్సర్ చేసింది. అప్పటికి ఎన్‌కార్నాకు ఇల్లు కూడా లేదు. వాయిదాలు ఆగిపోతే బ్యాంకు ఫ్లాటు తీసుకుంది.

ఊరికే తీసుకోనివ్వలేదు. పోలీసులు వచ్చే రోజు తెలిసి వీధిలో వాళ్లంతా వచ్చి మెట్ల మీద కూర్చున్నారు. ముసలివాళ్లు కుర్చీలు తెచ్చుకున్నారు. హోటల్ ఆడవాళ్లు యూనిఫాంలతోనే వచ్చారు. పోలీసులు వెనక్కి వెళ్లిపోయారు. రెండు నెలలకు మళ్లీ వచ్చారు, మళ్లీ వెళ్లారు. మూడోసారీ అంతే. నాలుగోసారి ఎవరికీ చెప్పకుండా తెల్లవారకముందే వచ్చి తాళం వేశారు.

నేను చీరాలలో ఐరోపా పాఠం చెప్పినప్పుడు ద్రాక్షతోటలు, పరిశ్రమలు, తలసరి ఆదాయం చెప్పేదాన్ని. బ్యాంకు వాళ్లకు అడ్డంగా ముసలివాళ్లు మెట్ల మీద కుర్చీలేసుకుని కూర్చుంటారని ఆ పుస్తకంలో ఎక్కడా లేదు. "చివరికి ఓడిపోయారన్నమాట" అన్నాను.

ఆవిడకు కోపం వచ్చింది. "ఎవరన్నారు? మూడుసార్లు గెలిచాం."

ఆ తర్వాత అసలు విషయం చెప్పింది. ఆమె ఒక యూనియన్ ఆఫీసుకు వెళ్లివచ్చింది. మాలో సగం మందికి పైగా కార్డుల మీద సంతకం పెడితే ఇక్కడి చట్టప్రకారం యూనియన్ వస్తుంది. కార్డులు ఆమె చేతి సంచిలో ఉన్నాయి.

"నీకు పీఆర్ ఉంది ఎన్‌కార్నా. మా సంగతి వేరు."

"అందుకే నేను ముందు నడుస్తా. నువ్వు ఇంగ్లిష్ మాట్లాడు."

కార్డు మీద ఆ రోజు సంతకం పెట్టలేదు. ఇంటికి తెచ్చుకుని, వంటింట్లో బియ్యం డబ్బా కింద పెట్టాను. జయదేవ్‌కు చెప్పలేదు. మూడు రోజుల తర్వాత, క్యాబేజీ తరుగుతుంటే కత్తి చేతిలో నిలవక జారింది. దాన్ని తీసి పక్కన పెట్టి, చెయ్యి తుడుచుకుని, డబ్బా కింద నుంచి కార్డు తీసి సంతకం పెట్టి, మళ్లీ క్యాబేజీ తరిగాను.

ఆగస్టులో ఎన్‌కార్నా చెప్పిన మూడోది వచ్చింది. అక్టోబర్ నుంచి హౌస్‌కీపింగ్ అంతా ఒక ఏజెన్సీ చేతికి వెళ్తుందనీ, సెప్టెంబర్ లోపల సంతకాలు పెట్టిన వాళ్లకు మొదటి అవకాశమనీ నోటీసు పెట్టారు. ఒక్కొక్కరినే పిలిచి కాగితాలు ఇచ్చారు. నన్ను పిలవలేదు. నా కాగితాలు జయదేవ్ చేతికి ఇచ్చి ఇంటికి పంపారు.

ఆయన వాటిని టేబుల్ మీద పెట్టి, పైన పెన్ను కూడా పెట్టారు. వర్షిణి లైబ్రరీకి వెళ్లింది. ఇద్దరమే ఉన్నాం.

"సంతకం పెడితే ఏమవుతుంది మృదూ? అదే హోటల్, అదే పని."

"అదే నడుము కూడా."

ఆయన కుర్చీ లాక్కుని కూర్చున్నారు. క్రెయిగ్ తనను ఆఫీసులోకి పిలిచి టీ ఇచ్చి మాట్లాడాడని చెప్పారు. లెటర్ టైపు చేసి సిద్ధంగా ఉందనీ, ఈ హౌస్‌కీపింగ్ గొడవ సద్దుమణిగాక సంతకం చేస్తాననీ అన్నాడట. బెదిరించలేదు, నవ్వుతూనే చెప్పాడట.

"అంటే నా సంతకానికీ ఆయన సంతకానికీ ముడి పెట్టాడు."

"ముడి ఎవరు పెట్టినా, పడేది మన మెడకే. కాలేజీ ఫీజు కట్టడానికి మీ నాన్న స్థలం అమ్మారు. నేను నాలుగేళ్లు ఈ కోటు వేసుకుని అందరికీ నమస్కారాలు పెట్టాను. ఇప్పుడు ఒక్క నెల ఓపిక పట్టలేవా?"

ఆయన చెప్పిందాంట్లో అబద్ధం ఒక్కటీ లేదు. అయినా నాకు తోచింది చెప్పాను. ఆ కాగితం మీద సంతకం పెడితే పీఆర్ వస్తుందేమో, వచ్చాక నేను ఏ పనికీ పనికిరాని మనిషినై ఉంటానని. ఇరవై ఒక్కమంది నన్ను చూస్తున్నారని. నేను పెట్టనని. పెన్ను తీసి ఆయన జేబులో పెట్టాను.

తర్వాత తొమ్మిది రోజులు ఆయన నాతో వర్షిణి ద్వారానే మాట్లాడారు. పెరుగు తెచ్చానని అమ్మకు చెప్పు. రేపు షిఫ్ట్ ఎన్నింటికో అమ్మను అడుగు. పదో రోజు వర్షిణి చెంచా కింద పెట్టి, "ఐయామ్ నాట్ యువర్ ఇంటర్‌ప్రెటర్" అని లేచి వెళ్లిపోయింది. ఆ రోజు నుంచి సూటిగా మాట్లాడారు గానీ, ఆ విషయం ఎత్తలేదు.

మాలో ఏజెన్సీ కాగితాల మీద సంతకం పెట్టింది ధరణి ఒక్కతే. నిజామాబాద్ పిల్ల, ఇరవై రెండేళ్లు, కాలేజీ చదువుతూ వారానికి మూడు రోజులు వచ్చేది. నన్ను అక్కా అని పిలిచేది మొత్తం హోటల్లో ఆ పిల్లొక్కతే. దుప్పట్లు, తువ్వాళ్లు ఉంచే గదిలో నేను మడతలు పెడుతుంటే తనే వచ్చి చెప్పింది.

"నేను సంతకం పెట్టేసిన అక్కా. వచ్చే సెమిస్టర్ గుర్తొచ్చి భయమైంది. మీకు మొహం చూపియ్యనీకి కూడా సిగ్గైతుంది."

నాకు ఒళ్లు మండింది. సిగ్గుగా ఉంటే మొహం చూపించకు అన్నాను. ఆ పిల్ల తలొంచుకుని వెళ్లిపోయింది. ఎన్‌కార్నాకు చెబితే నన్నే తిట్టింది. ఆ పిల్ల శత్రువు కాదు, వాళ్లు భయపెట్టారు, నువ్వు అవమానించావు, ఇద్దరూ కలిసి ఒకే పని చేశారు అంది. ఆ మాట నాకు చాలా రోజులు గుచ్చుకుంది. ధరణికి ఫోన్ చేద్దామనుకుని, చేయలేదు.

సెప్టెంబర్ రెండో శనివారం ఊళ్లో ఫుట్‌బాల్ మ్యాచ్. ఏటా ఆ మ్యాచ్‌కి పక్క రాష్ట్రం సస్కచ్వాన్ నుంచి వేలమంది వస్తారు. ఆకుపచ్చ చొక్కాలు, పుచ్చకాయ డొప్పలు టోపీల్లా తలకు పెట్టుకుని. హోటల్లో ఒక్క గది ఖాళీ లేదు. శుక్రవారం వచ్చినవాళ్లు సగం ఖాళీ చేస్తారు, శనివారం సాయంత్రానికి కొత్తవాళ్లు దిగుతారు. ఆ రోజునే ఎంచుకున్నాం. మేం చేయబోయేది సమ్మె కాదు. పొద్దున్నే వెళ్లి, ఎప్పుడూ చేసినట్టే పద్నాలుగు గదులు చేసి ఆగిపోవడం.

ఆ రోజు నేను చేసిన పద్నాలుగు గదులు బహుశా నా జీవితంలో చేసిన వాటన్నిటిలోకీ మంచివి. అరగంటకు ఒకటి చొప్పున. అద్దాల మీద మరక లేదు, దిండ్లు వరసగా నిలబడ్డాయి. రెండున్నరకు చివరి గది తలుపు మూసి కార్టు తోసుకుంటూ లిఫ్ట్ ఎక్కితే, అందులో అప్పటికే ఇద్దరున్నారు. మూడింటికి కెఫెటేరియాలో ఇరవై ఒక్కమందిమీ యూనిఫాంలతో కూర్చున్నాం. సెలామ్ చేతికి ఇంకా పట్టీ ఉంది. ఆమె రోజు కాకపోయినా వచ్చింది.

క్రెయిగ్ మూడుంబావుకు దిగివచ్చాడు. మెడ ఎర్రబడింది. పైన డెబ్బైకి పైగా గదులు అలాగే ఉన్నాయనీ, లాబీలో నిలబడ్డానికి చోటు లేదనీ చెప్పి, ఏం జరుగుతోందని అడిగాడు. అందరూ నా వైపు చూశారు. లేచాను. గొంతు గట్టిగానే పలికింది. నలభై మంది పిల్లలున్న క్లాసులో తొమ్మిదేళ్లు అరిచిన గొంతు అది.

"మా పద్నాలుగు గదులు అయిపోయాయి. వెళ్లి చూసుకోండి, ఒక్క వెంట్రుక దొరకదు. షిఫ్ట్ అయ్యేదాకా ఇక్కడే ఉంటాం."

"నీ రోజు లెక్క పద్దెనిమిది, మృదుల."

"పద్నాలుగు."

ఆయన నన్ను వదిలేసి పక్కనున్న వాళ్ల వైపు తిరిగాడు. ఒక్కొక్కరినే పేరు పెట్టి పిలిచి, నీకు ఈ ఉద్యోగం కావాలా అని అడగడం మొదలుపెట్టాడు. మొదట ఎన్‌కార్నా. ఆవిడ "పద్నాలుగు" అంది. తర్వాత నర్సు పని మానుకుని వచ్చిన ఫిలిప్పీన్స్ ఆవిడ. పద్నాలుగు. సెలామ్, వార్తలు చదివినంత స్పష్టంగా. పద్నాలుగు. ఒక్కొక్కరి యాసలో ఆ మాట ఒక్కోలా పలికింది, ఒకరిద్దరికి సగమే వచ్చింది. కానీ ఆగలేదు. ఏడెనిమిది మంది అయ్యాక ఆయన అడగడం మానేశాడు. మిగతా వాళ్లు అడక్కుండానే చెప్పారు. ఆయన పైకి వెళ్లిపోయాడు.

పైన జరిగింది నాకు తర్వాత తెలిసింది. మా దగ్గరికి దిగిరాకముందే, రెండున్నర దాటగానే, క్రెయిగ్ డెస్క్ వాళ్లను, బార్ వాళ్లను, దొరికిన ప్రతివాళ్లనూ గదులు సర్దడానికి పంపాడు. జయదేవ్‌ను పదకొండో అంతస్తుకు పంపాడు. ఆయన కోటు విప్పి తలుపు గొళ్లేనికి తగిలించి ఒక గది మొదలుపెట్టారట. బొంతకు గలీబు ఎలా తొడగాలో తెలియలేదు. మూడుసార్లు తిరగబడిందట. టబ్బు కడిగేసరికి చొక్కా తడిసిపోయింది. ఆ గది పూర్తి చేసి, పక్క గది తలుపు తెరిచి ఉంటే చూశారు. అక్కడ ధరణి ఉంది. పొద్దున్నుంచి ఒక్కతే ఇరవై గదులు చేసింది. బాత్రూం నేల మీద కూర్చుని, చేతిలో బ్రష్ పట్టుకుని, లేవలేక అలాగే ఉండిపోయింది.

కెఫెటేరియా తలుపు తెరుచుకుంది. క్రెయిగ్ మళ్లీ వచ్చాడనుకుని మేమంతా నిటారుగా కూర్చున్నాం. జయదేవ్ తలుపు పట్టుకుని నిలబడ్డారు, చొక్కా చేతులు మడిచి, జుట్టు చెదిరిపోయి. ఆయన వెనక ధరణి.

"ఈ అమ్మాయికి కాసిని నీళ్లివ్వు," అన్నారు నాతో.

ఇచ్చాను. ధరణిని నా పక్కన కూర్చోబెట్టుకున్నాను. ఏదో అనబోయింది, వద్దన్నట్టు చెయ్యి నొక్కాను. ఎన్‌కార్నా తన సంచిలోంచి ఆరెంజ్ తీసి, తొక్క ఒలిచి, ఆ పిల్ల చేతిలో పెట్టింది.

జయదేవ్ పైకి వెళ్లిపోతారనుకున్నాను. వెళ్లలేదు. గోడ పక్కనున్న కుర్చీ ఒకటి లాక్కుని తలుపు దగ్గర వేసుకుని కూర్చున్నారు. నడుముకున్న వాకీటాకీలో ఆయన పేరు వినిపించింది. మళ్లీ వినిపించింది. మూడోసారి ఆయన చెయ్యి కిందికి పోనిచ్చి దాని గొంతు తగ్గించారు. నాలుగైంది. అందరం కలిసి లేచి బయటికి వచ్చాం. ఆయన కోటు ఇంకా పదకొండో అంతస్తులోనే ఉంది.

తర్వాతి రెండు వారాల్లో చాలా జరిగాయి. ఆ శనివారం గదులు దొరకనివాళ్లు ఫోన్లలో తీసిన ఫొటోలు ఎక్కడెక్కడికో పోయాయి. ఒక విలేకరి వచ్చి సెలామ్‌తో మాట్లాడింది. పునఃపరిశీలన అయ్యేదాకా గదుల లెక్క పద్నాలుగే అని గోడ మీద కాగితం పడింది. ఏజెన్సీ నోటీసు ఒక పొద్దున చూసేసరికి లేదు, నాలుగు పిన్నులు మాత్రం మిగిలాయి. ధరణి కార్డుతో కలిపి మొత్తం పంతొమ్మిది కార్డులు లేబర్ బోర్డుకు వెళ్లాయి. నెలాఖరుకు యూనియన్ వచ్చింది.

పోయినవీ ఉన్నాయి. సెలామ్ మణికట్టు ఇప్పటికీ పూర్తిగా తిరగదు. ఎన్‌కార్నాకు వారానికి రెండు రోజులు తగ్గించారు, దానిమీద ఇంకా పోరాడుతున్నాం. అక్టోబర్ పదో తారీఖుతో జయదేవ్ కాంట్రాక్టు ముగిసింది. పొడిగించలేదు. లెటర్ రాలేదు. కారణం ఏమీ రాయలేదు, ఆయన సేవలకు కృతజ్ఞతలు అని మాత్రం రాశారు.

ఆయన నన్ను నిందిస్తారని ఎదురుచూశాను. టైర్ల గోడౌన్‌లో పనికి చేరారు. నల్లబడ్డ చేతులు కడుక్కుంటూ ఒకరోజు తనే ఎత్తారు.

"ఆ రోజు ఒక్క గదికి నాకెంతసేపు పట్టిందో తెలుసా?"

"ఎంత?"

"గంటా పది నిమిషాలు. పైగా బొంత తిరగేసి తొడిగాను."

ఇద్దరం నవ్వాం. నవ్వు ఆగాక ఆయన చాలాసేపు చేతులు కడుక్కుంటూనే ఉన్నారు. బాధ లేదని నేను అనను. రాజగోపాల్ గారని, తెలుగువాళ్ల అప్లికేషన్లు చూసిపెట్టే పెద్దాయన ఉన్నారు. మా కాగితాలన్నీ చూసి, ఇంట్లో ఇప్పుడు నిలకడైన ఉద్యోగం నాదే కాబట్టి ప్రిన్సిపల్ అప్లికెంట్‌గా నా పేరు పెట్టడమే దారి అన్నారు. నాలుగేళ్లుగా ఆ గడిలో ఉన్న పేరు జయదేవ్‌ది. ఆయన ఫారం తన వైపు తిప్పుకుని, తన పేరు కొట్టేసి, నా పేరు తన చేత్తోనే రాశారు. స్పెల్లింగ్ సరిగ్గా ఉందా అని అడిగారు.

నా లెటర్ మాత్రం ఎవరిస్తారు? అదే హోటల్ ఇవ్వాలి. ఇప్పుడు బేరసారాల్లో మా డిమాండ్లలో నాలుగోది అదే: పనిచేసే వాళ్లెవరు అడిగినా ఎంప్లాయ్‌మెంట్ లెటర్ వారంలో ఇవ్వాలి, దాన్ని వేరే దేనికీ ముడిపెట్టకూడదు. హోటల్ లాయర్ అది అనవసరం అంటున్నాడు. నేను ఎదురుగా కూర్చుని, అనవసరమైతే రాయడానికి అభ్యంతరమేమిటని ప్రతిసారీ అడుగుతున్నాను. మూడుసార్లు కూర్చున్నాం. ఇంకా తేలలేదు. తేలేదాకా కూర్చుంటాం.

అక్టోబర్ చివరి ఆదివారం, మధ్యాహ్నం భోజనాలయ్యాయి. బయట ఆ ఏడాది మొదటి మంచు. తెలియని నంబరు నుంచి ఫోన్ వచ్చింది. ఒకావిడ, వచ్చీరాని ఇంగ్లిష్‌లో, చాలా మెల్లగా మాట్లాడింది. ఎయిర్‌పోర్ట్ దగ్గర హోటల్లో గదులు సర్దుతుందట. వేసవిలో గదులు పెంచారట. ఇప్పుడు కాగితాలిచ్చారట, శుక్రవారం ఆఖరి రోజట. మీ నంబరు ధరణి అనే అమ్మాయి ఇచ్చిందంది. చివరగా, డోనట్లు కూడా తెచ్చారని చెప్పింది, అది ఎందుకు చెబుతున్నానో తెలియదన్నట్టుగా.

మీరెంతమంది అని అడిగాను. పంతొమ్మిది మందిమి, అందులో అయిదుగురు సంతకం పెట్టేశారంది.

"పెట్టినవాళ్లను ఏమీ అనకండి," అన్నాను. "మిగతావాళ్లు ఎవరూ ఆ ఆఫీసులోకి ఒంటరిగా వెళ్లకండి. మీరెక్కడుంటారో చెప్పండి, ఇప్పుడే వస్తున్నాను."

అడ్రసు రాసుకుని ఎన్‌కార్నాకు ఫోన్ చేశాను. ఆవిడ నన్ను సగంలోనే ఆపి, కార్డులు తన సంచిలోనే ఉన్నాయంది.

జయదేవ్ నా చేతిలో కాగితం తీసుకుని అడ్రసు చదివారు. రెండు బస్సులు మారాలి, ఇప్పుడు బయల్దేరితే నాలుగింటికి చేరతాం అన్నారు. మీరెందుకు, ఒక్క ఆదివారమే కదా సెలవు అన్నాను. ఆయన కోటు కోసం వెళ్లారు. తలుపు దగ్గర వర్షిణి నేల మీద కూర్చుని, ఎవరినీ అడక్కుండా, తన మంచు బూట్లకు తాళ్లు కట్టుకుంటోంది.